తల్లి లేని ఉడుత పిల్లను కాపాడటం ఎలా?

ఎండాకాలపు గాలిదుమారాలకు చెట్ల కొమ్మలు విరుగుతాయి. వానలకు ముందు కరెంటు తీగలకు అడ్డం వచ్చిన కొమ్మలు కొట్టేస్తారు. కోనసీమలో కొబ్బరి దింపుతో పాటు చెట్టు తల శుభ్రం చేస్తారు. పట్నాల్లో ఏసీ సర్వీసు కోసం బయటి డబ్బా విప్పుతారు. ఇలాంటప్పుడే కొబ్బరి పీచు, దూది, గుడ్డపీలికలు, దారాలు కలిపి అల్లిన ఉడుత గూడు కింద పడుతుంది. అందులోంచి రెండో మూడో పిల్లలు నేల మీదికి దొర్లుతాయి, ఒంటి మీద నూగు కూడా లేకుండా, కళ్లు మూసుకుని.

చూసిన వాళ్లలో చాలామంది జాలితో వెంటనే చేసేది గ్లాసులో కాసిని పాలు తెచ్చి నోట్లో పోయడం. ఉడుత పిల్లలు ఎక్కువగా చచ్చిపోయేది ఆ పాల వల్లే. అందుకే ఈ వ్యాసంలో ఒక్క మాట గుర్తుంచుకున్నా చాలు: ముందు వెచ్చదనం, తర్వాత తల్లి, ఆ తర్వాతే పాలు. ఈ వరస తప్పకపోతే సగం పని అయిపోయినట్టే.

అది ఉడుత పిల్లేనా?

మన ఊళ్లలో ఎక్కువగా కనిపించేది వీపు మీద మూడు చారలుండే ఉడుత. పుట్టిన కొద్ది రోజుల పిల్లకు కూడా గులాబీ రంగు చర్మం మీద ఆ చారలు లేత నీడలుగా కనబడతాయి. వెలుతురులో పెట్టి చూడండి. ఎలుక, పందికొక్కు పిల్లలకు ఒళ్లంతా ఒకే రంగు. ముక్కు బాగా సాగి, కళ్లు చిన్నగా ఉండి, ఘాటైన వాసన వస్తుంటే అది చుంచు. చుంచు అసలు ఎలుక జాతే కాదు, పురుగులు తినే జీవి. దానికి కింద చెప్పే తిండి పద్ధతి పనికిరాదు. అడవి దగ్గర ఊళ్లలో పెద్ద తోకతో, ఎర్రగోధుమ రంగులో ఉండే బెట్టుడుత పిల్ల దొరికితే సొంత ప్రయత్నాలు మానేసి అటవీ శాఖ వాళ్లకే అప్పగించండి.

మామూలు ఉడుతే అయినా మొదటి రోజే అటవీ శాఖకు గానీ, మీ ఊళ్లో జంతువులను కాపాడే సంస్థకు గానీ ఫోన్ చేసి చెప్పండి. హైదరాబాద్‌లో బ్లూ క్రాస్ 1992 నుంచి పనిచేస్తోంది, విశాఖలో కూడా అలాంటి సంస్థ ఉంది. చేయి తిరిగిన వాళ్లు తీసుకుంటామంటే ఇచ్చేయడమే ఆ పిల్లకు మేలు. అడవి జీవులను ఇంట్లో పెంచుకోవడం 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం స్ఫూర్తికే విరుద్ధం. మీరు చేస్తున్నది పెంపకం కాదు, కొన్ని వారాల సాకుడు మాత్రమే.

మొదటి అరగంట: వెచ్చబెట్టడం

చేతులు సబ్బుతో కడుక్కోండి. పిల్లను మెత్తని పాత నూలు చీర ముక్కలో తీసుకుని అరచేతుల మధ్య ఉంచండి. వేలితో తాకితే చల్లగా ఉందా? అయితే దాని పొట్ట పనిచేయడం లేదని అర్థం. చల్లబడ్డ పిల్లకు పాలు పోస్తే అవి కడుపులోనే పులిసి పొట్ట ఉబ్బుతుంది.

చెప్పుల డబ్బా తీసుకుని మూతకు గాలి రంధ్రాలు పెట్టండి. లోపల నాలుగైదు మడతల నూలు గుడ్డ పరవండి. టర్కీ టవల్ వద్దు, దాని పోగుల్లో చిన్న గోళ్లు చిక్కుకుని వేళ్లు విరుగుతాయి. గోరువెచ్చని నీళ్లు నింపిన సీసాకు గుడ్డ చుట్టి డబ్బాలో ఒక పక్కన ఆనించండి. ఒక పక్కనే. వేడెక్కువైతే పిల్ల రెండో పక్కకు జరగడానికి చోటుండాలి. నూగు లేని పిల్లకు గుడ్డ లోపల 30 నుంచి 32 డిగ్రీల వెచ్చదనం కావాలి. సీసా చల్లారగానే మార్చండి, లేకపోతే అదే పిల్ల ఒంట్లో వేడి లాగేస్తుంది. పాతకాలపు 40 వాట్ల బల్బును డబ్బాకు జానెడు దూరంలో వేలాడదీసినా పనిచేస్తుంది. ఎల్ఈడీ బల్బు వేడి ఇవ్వదు.

పిల్ల వెచ్చబడే లోపు ఒళ్లంతా చూడండి. చెవుల వెనక, తోక కింద, తొడల మధ్య చీమలు పట్టి ఉంటాయి, దూదితో ఒక్కొక్కటి తీయండి. నూకల్లా తెల్లగా అంటుకుని ఉన్నవి ఈగ గుడ్లు. వాటిని ఆ రోజే పాత టూత్‌బ్రష్‌తో, సన్న పళ్ల దువ్వెనతో దువ్వి తీసేయాలి. ఎండాకాలంలో ఒక్క రాత్రిలోనే పురుగులై చర్మం లోపలికి దూరతాయి.

చీమల గురించి ఇంకో మాట. డబ్బాను బల్ల మీద పెట్టి, బల్ల కాళ్లను నీళ్ల గిన్నెల్లో ఉంచండి. చీమల మందు, చీమల చాక్‌పీసు గీత డబ్బా దరిదాపుల్లో కూడా వద్దు. చీమను చంపే ఆ మందు ఇంత చిన్న పిల్లనూ వదలదు.

డాక్టర్ దగ్గరకు ఎప్పుడు?

పిల్లి నోట కరుచుకొచ్చిన పిల్ల అయితే గాయం కనబడకపోయినా అదే రోజు పశువుల డాక్టర్‌కు చూపించండి. పిల్లి పంటి గాటు సూది మొనంత ఉంటుంది, నూగు కింద కనబడదు. ఆ నోటి సూక్ష్మజీవులు ఒకటి రెండు రోజుల్లో రక్తంలోకి పాకి పిల్లను చంపేస్తాయి. యాంటీబయాటిక్ తప్పనిసరి. మీ పిల్లలకు వాడగా ఇంట్లో మిగిలిన మందు మాత్రం కొలిచి వేయకండి. పది గ్రాముల జీవికి ఎంత మోతాదో డాక్టరే చెప్పాలి. ముక్కులోంచి రక్తం, వేలాడిపోతున్న కాలు, ఒక పక్కకు ఒరిగిపోయే తల, నోరు తెరిచి ఊపిరి పీల్చడం, ఇవి ఉన్నా ఆగకండి.

తల్లికి అప్పగించడం

మనిషి చెయ్యి తగిలితే తల్లి మళ్లీ దగ్గరకు రానివ్వదని మన ఇళ్లలో అంటారు. అది నిజం కాదు. ఉడుత తల్లి గూడు చెదిరితే పిల్లలను ఒక్కొక్కదాన్నే నోట కరుచుకుని వేరే గూటికి మోసుకెళ్లిపోతుంది. మీరు ముట్టుకున్నా తీసుకెళుతుంది. అది వెతుక్కునే వేళకు పిల్ల అక్కడ ఉండాలి, వెచ్చగా ఉండాలి, చుట్టుపక్కల జనం ఉండకూడదు. చల్లబడిన పిల్లను మాత్రం తల్లి వదిలేసి వెళ్లిపోతుంది. ముందుగా వెచ్చబెట్టమన్నది అందుకే.

వెచ్చబడ్డ, గాయాలు లేని పిల్లలను మూత లేని చిన్న డబ్బాలో, వాటి పాత గూటి పీచుతో సహా పెట్టండి. అడుగున గుడ్డ చుట్టిన వేడినీళ్ల సీసా ఉంచండి. గూడు పడిన చెట్టుకే, లేదంటే దాని పక్క చెట్టుకు, మనిషి ఎత్తున ఆ డబ్బాను తాడుతో కట్టండి. తాడుకు చీమలు ఎక్కకుండా మధ్యలో కాస్త వాజలీన్ రాయండి. తర్వాత అక్కడి నుంచి వచ్చేసి కిటికీలోంచి చూస్తూ ఉండండి. కాకులు, పిల్లులు వస్తే అదిలించాలి కాబట్టి ఒక మనిషి కాపలా ఉండాలి. పిల్లలు సన్నగా కీచుమంటుంటే కంగారు పడకండి, తల్లి దారి పట్టేది ఆ కూతతోనే.

పగటి వెలుతురులో రెండు మూడు గంటలు ఆగండి. మధ్యలో ఒకసారి వెళ్లి సీసా మార్చండి. ఒక పిల్లను తీసుకెళ్లిందంటే మిగిలిన వాటి కోసం తిరిగి వస్తుంది, డబ్బా కదపకండి. ఉడుత పగటి జీవి, రాత్రి వెతకదు. కాబట్టి పొద్దుగూకాక దొరికిన పిల్లను ఆ రాత్రికి వెచ్చగా ఇంట్లో ఉంచి, తెల్లవారగానే మళ్లీ అక్కడే పెట్టండి. ఈ ప్రయత్నం చేయకుండా నేరుగా సీసాపాలకు దిగడం నాకు నచ్చని పని. మనం ఎంత జాగ్రత్తగా చూసినా తల్లి పెంచినట్టు పెంచలేం.

ఏసీ డబ్బాలోనో, కిటికీ సన్‌షేడ్ మీదో గూడు చెదరకుండా ఉంటే అసలు ముట్టుకోకండి. సర్వీసు నెల, నెలన్నర వాయిదా వేస్తే పిల్లలే బయటికి వచ్చి తిరుగుతాయి.

తల్లి చచ్చిపోయిందని తెలిసినా, రెండు పూటలు చూసినా రాకపోయినా, అప్పుడే ఇక మీ చేతుల మీదికి వస్తుంది.

మొదట నీరు, తర్వాత పాలు

వీపు మీది చర్మాన్ని రెండు వేళ్లతో మెల్లగా పైకి లాగి వదలండి. వెంటనే సర్దుకుంటే మంచిది. కాసేపు గుడారంలా నిలబడితే ఒంట్లో నీరు తగ్గిందన్నమాట. ఎలా ఉన్నా మొదటి రెండు మూడు సార్లు ఓఆర్ఎస్ మాత్రమే పట్టండి. ప్యాకెట్ మీద ఎన్ని నీళ్లని ఉంటే అన్ని నీళ్లలోనే కలపండి, అందులోంచి రెండు చెంచాలు గోరువెచ్చగా చేసుకుంటే చాలు. మణికట్టు లోపలి వైపు ఒక చుక్క వేసుకుంటే చల్లగానూ వేడిగానూ అనిపించకూడదు.

పాల విషయానికి వస్తే, ఆవు పాలు, గేదె పాలు, టీ కోసం తెచ్చిన ప్యాకెట్ పాలు వద్దు. వాటిలోని పాల చక్కెర ఈ పిల్లలకు అరగదు, విరేచనాలు పట్టుకుంటాయి. ఇంత చిన్న ఒంటికి ఒక పూట విరేచనాలు పట్టినా ప్రాణం పోవచ్చు. పసిపిల్లలకు పెట్టే గోధుమ పొడి తిండి కూడా వద్దు. పెట్ షాపుల్లో కుక్కపిల్లల కోసం అమ్మే పాలపొడి ఉంటుంది, కొవ్వు, మాంసకృత్తులు ఎక్కువ, చక్కెర తక్కువ. ఉడుత పిల్లకు దగ్గరగా సరిపోయేది అదే. చేతికి అందేదాకా ఒక రోజు ఓఆర్ఎస్ మీద, వెచ్చదనం మీద నిలపవచ్చు. పాలు దొరికాక కూడా ఒక్కసారిగా మార్చకండి. మొదట ఒక వంతు పాలు మూడు వంతుల ఓఆర్ఎస్, తర్వాత సగం సగం, ఆ తర్వాత పూర్తి పాలు. ఎప్పటికప్పుడు కొద్దిగా కలపండి, పట్టగా మిగిలినవి పారబోయండి.

ఎన్ని పాలు అన్నదానికి కొలత పిల్ల బరువు. వంటింటి డిజిటల్ కాటా ఒకటి తెచ్చుకోండి, గ్రాముల్లో చూపించేది. ఒక్కసారికి ఒంటి బరువులో 5 శాతం. 10 గ్రాముల పిల్లకు 0.5 మిల్లీలీటరు, 20 గ్రాముల పిల్లకు 1 మిల్లీలీటరు. అది ఇంకా అడుగుతుంది, నోరు తెరుస్తుంది, మీ మనసు ఒప్పుకోదు. అయినా ఆపేయండి. ఆకలి కంటే పొట్ట పగిలేలా తాగడమే దానికి ప్రమాదం. రోజూ ఉదయం మొదటి పాలకు ముందు తూచి ఒక కాగితం మీద రాసుకోండి. బరువు కొంచెం కొంచెంగా పెరుగుతూ ఉండాలి. రెండు రోజులు వరసగా పెరగకపోతే ఎక్కడో తేడా ఉంది.

నూగు లేని పిల్లకు రెండు గంటలకోసారి, రాత్రిళ్లు కూడా నాలుగు గంటలకు మించి ఎడం లేకుండా పట్టాలి. నూగు వచ్చాక మూడు గంటలకోసారి. కళ్లు తెరిచాక నాలుగు గంటలకోసారి చాలు, రాత్రి మీరూ పడుకోవచ్చు. ఉద్యోగానికి వెళ్లే వాళ్లు ఒక్కరే ఉన్న ఇల్లయితే మాత్రం ఇది సాగే పని కాదు. మొహమాటపడకుండా సంస్థ వాళ్లకు అప్పగించండి.

పాలు పట్టే తీరు

మందుల షాపులో 1 మి.లీ. సిరంజి అడగండి, సూది తీసేసి వాడండి. ఫిల్లరుతో చుక్కలు ఎన్ని పడ్డాయో తెలియదు. చెంచా, దూది వత్తి రెండూ వద్దు.

పిల్లను ఎప్పుడూ వెల్లకిలా పడుకోబెట్టి పట్టకండి. మనుషుల పిల్లలను ఒళ్లో పడుకోబెట్టుకునే అలవాటుతో అందరూ అలాగే చేస్తారు, పాలు నేరుగా ఊపిరితిత్తుల్లోకి పోతాయి. ఎడమ అరచేతిలో గుడ్డ వేసి, బోర్లా, తల కాస్త పైకి ఉండేలా నిలబెట్టండి, చెట్టు కాండం మీద ఎక్కుతున్నట్టు. సిరంజి కొసను పెదవికి ఒక పక్కగా ఆనించి ఒక చుక్క వదలండి. మొదట ముఖం తిప్పుకుంటుంది. తర్వాత నాలుక ఆడుతుంది. రుచి తెలిశాక ముందు కాళ్లు రెండూ చాపి సిరంజిని గట్టిగా పట్టేసుకుని లాగుతుంది. అప్పుడే జాగ్రత్త కావాలి. అది లాగే బలానికి పిస్టన్ ఒక్కసారిగా జారి నోరంతా పాలు నిండుతాయి. బొటనవేలితో పిస్టన్‌ను తోయడం కంటే ఆపి పట్టుకోవడమే ఎక్కువ పని. 0.1 గీత దగ్గర ఆగండి, మింగిందా చూడండి, మళ్లీ ఇవ్వండి.

ముక్కులోంచి పాల బుడగ వస్తే వెంటనే ఆపేసి, తల కిందికి వంచి, దూదితో ముక్కు తుడవండి. ఊపిరి మామూలయ్యాకే మళ్లీ మొదలుపెట్టండి. చెవి దగ్గర పెట్టుకుంటే ఊపిరిలో టిక్ టిక్ మనే చప్పుడు వినిపిస్తే న్యుమోనియా మొదలైనట్టే, డాక్టర్‌కు చూపించండి. నూగు లేని పిల్లకు చర్మం ఎంత పల్చగా ఉంటుందంటే, తాగిన పాలు పొట్ట ఎడమ పక్కన తెల్లగా బయటికే కనిపిస్తాయి. ఆ తెలుపు పూర్తిగా పోకముందే మళ్లీ పట్టకూడదు.

తాగాక మూతి, మెడ తడిగుడ్డతో తుడవండి. ఎండిన పాలు అంటుకుంటే అక్కడి నూగు ఊడిపోతుంది, చీమలూ వస్తాయి.

ఒంటికీ రెంటికీ మీరే పోయించాలి

కళ్లు తెరవని పిల్ల తనంతట తాను మూత్రం పోయలేదు. తల్లి నాకితేనే వస్తుంది. ఇది తెలియకే చాలా పిల్లలు పోతాయి. ప్రతిసారీ పాలకు ముందూ తర్వాతా గోరువెచ్చని నీళ్లలో తడిపి పిండిన దూదితో తోక కింద సన్నగా, మెల్లగా రాస్తూ ఉండండి. నిమిషంలోపే చుక్కలు పడతాయి. మూత్రం లేత పసుపులో ఉంటే మంచిది, ముదురుగా ఉంటే నీరు సరిపోలేదు, ఒకసారి పాలకు బదులు ఓఆర్ఎస్ ఇవ్వండి. పాలు తాగే పిల్ల విసర్జన ఆవపిండి రంగులో చిన్న ముక్కలుగా వస్తుంది. నీళ్లలా వస్తే పాలు పల్చన చేయండి. కళ్లు తెరిచాక కూడా, డబ్బాలో తడి కనబడేదాకా ఈ పని మానకండి.

పొట్ట డప్పులా బిగుసుకుంటే పాలు ఆపేసి, మెడ వరకు గోరువెచ్చని నీళ్లలో ఉంచి పొట్టను వేలితో మెల్లగా రాయండి. వెంటనే తుడిచి, ఆరబెట్టి, వెచ్చబెట్టాలి. రెండు గంటల్లో తగ్గకపోతే డాక్టరే దిక్కు.

కళ్లు తెరిచాక

మూడు నాలుగు వారాల మధ్య కళ్లు విచ్చుకుంటాయి. ఇంతలో కింది పళ్లు కూడా వస్తాయి. ఇక డబ్బా చాలదు. పక్షుల పంజరం లాంటి ఎత్తైన పంజరం కావాలి, ఊచల మధ్య అంగుళం సందు ఉన్నా దూరిపోతాయి. లోపల కొమ్మలు అడ్డదిడ్డంగా కట్టండి. పడుకోవడానికి చిన్న గుడ్డ సంచి వేలాడదీయండి.

పాలు కొనసాగిస్తూనే జామకాయ ముక్క, దోసకాయ, సపోటా, లేత మునగాకు ఉంచండి. మొదటి రోజుల్లో కొరికి పారేస్తాయి, ఫరవాలేదు. వాటి అసలు తిండి చెట్ల మీద ఉంటుంది: వేప పండ్లు, రావి పండ్లు, మునగ పూలు, లేత చిగుళ్లు, బెరడు కింది పురుగులు. రోజూ కొమ్మతో సహా తెచ్చి పంజరంలో కట్టండి, చెట్టు మీద వెతుక్కోవడం అలవాటు అవుతుంది. రోడ్డు పక్కన మందు కొట్టిన చెట్లవి వద్దు.

వేరుశెనగలు, పొద్దుతిరుగుడు గింజలు, బిస్కెట్లు, బ్రెడ్డు, పెరుగన్నం పెట్టి ఉడుతను పెంచుకునే వీడియోలు చాలా తిరుగుతున్నాయి. ఆ తిండిలో క్యాల్షియం సరిపడా ఉండదు. రెండు నెలలు తిరిగేసరికి ఎముకలు గుల్లబారి, వెనక కాళ్లు ఈడ్చుకుంటూ నడుస్తుంది, ఇక చెట్టెక్కలేదు. అందుకే పంజరంలో సముద్రపు నురుగు ముక్క (పెట్ షాపుల్లో పక్షుల కోసం అమ్మే కటిల్‌బోన్) కట్టి ఉంచండి, కొరుక్కుంటూ పళ్లూ అరగదీసుకుంటుంది. పొద్దున ఒక గంట లేత ఎండ అద్దం అడ్డం లేకుండా నేరుగా తగలాలి, పక్కన నీడ కూడా ఉండాలి.

ఈ వయసులో దాన్ని భుజం మీద ఎక్కించుకోవాలని, పేరు పెట్టి పిలవాలని ఇంట్లో పిల్లలకు అనిపిస్తుంది. వద్దని వాళ్లకు ముందే నచ్చజెప్పండి. మనుషులను నమ్మిన ఉడుత వదిలిన మర్నాడే ఎవరి కాలి దగ్గరికో, ఏ పిల్లి దగ్గరికో వెళ్లి నిలబడుతుంది. పాలు పట్టే ఒక్కరు తప్ప ఎవరూ ముట్టుకోకూడదు. ఒక్క పిల్లే ఉంటే, సంస్థ వాళ్లను అడిగి అదే ఈడు పిల్లతో జత చేస్తే చాలా మంచిది. రెండూ కలిసి ఆడి, కరుచుకుని, తరుముకుని ఉడుతలు కావడం నేర్చుకుంటాయి.

కరిస్తే గాయాన్ని పదిహేను నిమిషాలు సబ్బు నీళ్లతో ధారగా కడిగి డాక్టర్‌కు చూపించుకోండి. ధనుర్వాతం ఇంజెక్షన్ ఎప్పుడు వేయించుకున్నారో చెప్పండి.

వదిలిపెట్టడం

పది పన్నెండు వారాలకు తోక కుచ్చులా విచ్చుకుంటుంది, పాలు పూర్తిగా మానేస్తుంది, మీరు పంజరం దగ్గరకొస్తే పారిపోయి దాక్కుంటుంది. అది దాక్కోవడం చూసి బాధపడకండి, వదిలే సమయం వచ్చిందని అదే చెబుతోంది.

చెట్లు ఒకదానికొకటి అందేంత దగ్గరగా ఉండి, అప్పటికే వేరే ఉడుతలు తిరుగుతూ, పిల్లులు తక్కువగా ఉండే చోటు చూడండి. పంజరాన్ని చెట్టుకు కట్టి వారం రోజులు అక్కడే ఉంచండి, తిండి అందులోనే పెట్టండి. చుట్టుపక్కల చప్పుళ్లు, వాసనలు, మిగతా ఉడుతల అరుపులు అలవాటవుతాయి. తర్వాత వాన లేని ఒక ఉదయం తలుపు తెరిచి వచ్చేయండి. చేత్తో బయటికి తీయకండి. కొన్ని అప్పుడే పరుగెడతాయి, కొన్ని సాయంత్రం దాకా గుమ్మం దాటవు. రాత్రికి తిరిగి వస్తే రానివ్వండి, తలుపు మాత్రం మూయకండి.

రెండు మూడు వారాలు అదే చోట, అదే వేళకు పండ్ల ముక్కలు, మట్టి మూకుడులో నీళ్లు పెట్టండి. రోజురోజుకూ తిండి తగ్గించండి. పంజరం తీసేసినా, చిన్న చెక్కపెట్టెకు రెండంగుళాల రంధ్రం పెట్టి, లోపల కొబ్బరి పీచు వేసి, కొమ్మల సందులో కట్టి ఉంచితే గాలివానకు తలదాచుకుంటుంది. పెట్టె మీద రేకు ముక్క వేసి, ముందుకు కాస్త వంచి కట్టండి, లోపలికి నీళ్లు దిగవు. ఆ పెట్టెలో ఏదో ఒక ఉడుత గూడు కట్టడం మొదలుపెడితే ఇక దాని జోలికి వెళ్లకండి.